బోర్డుకే వైద్యం

విజయవాడలో 1986లో పుట్టిన ఆరోగ్య విశ్వవిద్యాలయానికి 1998లో ఎన్టీఆర్ పేరు పెట్టారు. 2022 సెప్టెంబరులో అసెంబ్లీ దాన్ని వైఎస్సార్ చేసింది. 2024లో మళ్లీ ఎన్టీఆర్. స్థాపించింది ఆయనేనని ఒకరు, ఆరోగ్యశ్రీ తెచ్చింది ఈయనేనని ఒకరు. ఇద్దరిదీ నిజమే, చిక్కంతా అక్కడే! 2020లో చేరిన పిల్లాడు మాత్రం కాలేజీ మారకుండానే ఎన్టీఆర్‌లో చేరి, వైఎస్సార్‌లో పరీక్షలు రాసి, ఎన్టీఆర్‌లో తేలాడు. (రంగులు పూసేవాడికి ఏ పార్టీ వచ్చినా పండగే.)

నౌపడ జంక్షన్‌లో ఈ ముచ్చట వస్తే, ఉప్పు మడుల్లోంచి వచ్చిన తాత బోర్డు వైపు గెడ్డం ఎత్తాడు.

"1900లో పర్లాకిమిడి రాజావారు చిన్నరైలు ఏయించినారు. అది పెద్దరైలు అయిపోనాది. గుణుపురం దాకా ఎల్తంది. పేరు మాత్రం నౌపడే. ఏటి బాబూ, రైలు దారి తప్పిపోనాదేటి?"

ఆస్పత్రికి వెళ్లినా తాత అంతే. బోర్డు చదవడు. ఓపీ చీటీల వరస ఎంత పొడుగుందో చూస్తాడు.