శిలాఫలకాల సంగీత సభ

బాసర అమ్మవారి చేతిలో వీణ ఉంది. పుస్తకం ఉంది. కచేరీకి హాలు మాత్రం అడగలేదు. అడిగి ఉంటే ఈపాటికి శంకుస్థాపన జరిగి, రాయి మీద ఇద్దరు మాజీ మంత్రుల పేర్లు వెలిసిపోయి ఉండేవి. చదువుల తల్లి కదా, సర్కారు ఫైలు ఎట్లా నడుస్తదో కూడా చదివే ఉంటుంది.

అతిశయోక్తి అంటారా? లెక్క చూడండి. రవీంద్రనాథ్ ఠాగూర్ పుట్టింది 1861 మే 7న. ఆయన శతజయంతికి గుర్తుగా హైదరాబాద్‌లో రవీంద్రభారతి కట్టారు. 1961 మే 11న సర్వేపల్లి రాధాకృష్ణన్ వచ్చి ప్రారంభించారు. ఆలస్యం నాలుగు రోజులు. అప్పుడు డ్రోన్లు లేవు. వీడియో కాన్ఫరెన్సులు లేవు. హాలు మాత్రం ఉంది.

కాళోజీ నారాయణరావు పుట్టింది 1914 సెప్టెంబర్ 9న. సరిగ్గా నూరేళ్లకు, 2014 సెప్టెంబర్ 9న, హన్మకొండలో కాళోజీ కళాక్షేత్రానికి కేసీఆర్ శంకుస్థాపన చేశారు. ప్రారంభం ఎప్పుడు? 2024 నవంబర్ 19న. చేసింది రేవంత్ రెడ్డి. అంటే బెంగాలీ కవికి నూరేళ్లకు హాలు. మన కవికి నూరేళ్లకు రాయి, నూట పదేళ్లకు హాలు. రాయి వేసిన యేడు బాసరలో పలక మీద ఓనమాలు దిద్దిన పిల్ల ఈలోగా హైస్కూలుకొచ్చింది. జీవితమంతా పాలకుల చెవులు మెలేసిన మనిషి పేరు మీదే ఇంత తీరిక! కట్టింది మేమని ఒకరు, పూర్తి చేసింది మేమని ఇంకొకరు. ఆ మధ్య పదేళ్లు ఎవరివి? వాటికి వారసుల్లేరు.

పోనీ, అది పూర్తయింది. దండం పెట్టుకుందాం. హైదరాబాద్‌లో కట్టని హాలు కథ ఇంకా మస్తుగుంటది. ఇందిరా పార్కు పక్కన ఎన్టీఆర్ స్టేడియంలో తెలంగాణ కళాభారతి కడతామని 2015లో ప్రకటించారు. కట్టలేదు. కానీ పేరు మాత్రం పనిచేయడం మొదలుపెట్టింది. పుస్తక ప్రదర్శన ఆహ్వాన పత్రికల్లో వేదిక: తెలంగాణ కళాభారతి. వెళ్లి చూస్తే మైదానం, రేకులు, షామియానాలు. పునాది లేకుండా బోర్డు నిలబెట్టిన ఆ ఇంజనీరు ఎవరో గానీ, ఆయనకు పద్మశ్రీ ఇవ్వాలె.

ఈ రాష్ట్రం దేంతో వచ్చింది? పాటతో కాదా? 2002లో కామారెడ్డిలో మొదలైన ధూంధాం ఊరూరా తిరిగింది. బాసర నుంచి కామారెడ్డి ఎంత దూరం? గోచీ, గొంగడి, గజ్జె, డప్పు. మైకు పట్టిన నాయకుడి ముందు జనాన్ని కూర్చోబెట్టింది ఆ పాటే. 2014 జూన్ 2న రాష్ట్రమొచ్చింది. నాయకుడికి కుర్చీ వచ్చింది. పాటకేమొచ్చింది? న్యాయంగా చెప్పాలంటే సాంస్కృతిక సారథి వచ్చింది. 550 మంది కళాకారులకు జీతాలొచ్చాయి. మంచి మాటే. పని? సర్కారు పథకాల మీద పాడడం. ప్రభుత్వాన్ని నిలదీసిన గొంతుకు నెల నెలా జీతమిచ్చి, ప్రభుత్వాన్నే పొగిడించుకోవడం. గిసొంటి తెలివి హాళ్లు కట్టడంలో ఎందుకు కనిపించదు?

ఇక జిల్లా కేంద్రాల్లో, మున్సిపాలిటీల్లో ఉన్న పాత కళాభవనాల సంగతి. మీ ఊళ్లోనూ ఒకటి ఉంటుంది. కురుస్తుంది. కుర్చీలు విరిగాయి. తెర మీద ఎలుకల సంతకాలున్నాయి. పదేళ్లకోసారి "ఆధునికీకరణ" పేరుతో టెండరు పడుతుంది. ఏం చేస్తారు? ముందు గేటుకు రంగు. తర్వాత నేలకు నున్నటి టైల్సు, గోడకు మెరిసే పలకలు, ముందు భాగానికి గాజు. ఆఖరుకు నల్ల గ్రానైటు మీద బంగారు అక్షరాలు. అందులో వాయించేవాణ్ణి, పాడేవాణ్ణి ఎవరన్నా ఒక్క ముక్క అడిగారా? నున్నటి గోడ శబ్దాన్ని తిప్పికొడుతుంది. మాటలు ఒకదాని మీద ఒకటి పడతాయి. వీణ నాదమే చిన్నది. ఆ టైల్సు మధ్య అది ఏ వరుస దాకా చేరుతుంది? గోడకు కొంత చెక్క, కొంత గుడ్డ, పైకప్పుకు తగిన వాలు కావాలి. ఇది రాకెట్ శాస్త్రం కాదు. కానీ చెక్కను ఫొటో తీస్తే మెరవదు కదా!

లండన్‌లో విగ్మోర్ హాల్ అని ఒకటుంది. 1901లో తెరిచారు. ఓ పియానో కంపెనీ కట్టించుకున్న చిన్న హాలు, సీట్లు దాదాపు 550. 2004లో బాగుచేశారు. బాగుచేశాక కూడా దాని పేరు చెబితే జనం ముందుగా మెచ్చుకునేది అక్కడ పలికే నాదాన్ని. మన దగ్గర బాగుచేశాక మెచ్చుకునేది ఏసీని.

పైసల్లేవంటారా? ఠాగూర్ 150వ జయంతి సందర్భంగా కేంద్రం ఠాగూర్ సాంస్కృతిక సముదాయాల పథకం పెట్టింది. కొత్తవి కట్టుకోవడానికే కాదు, పాతవి బాగుచేసుకోవడానికీ సాయం చేస్తుంది. మామూలుగా 15 కోట్ల దాకా ఇస్తుంది. రాష్ట్రం తన వాటా వేసుకుని, కాగితాలు పంపి అడగాలి. అడగడమా! అంత నామోషీ పని మనవాళ్లెందుకు చేస్తారు?

హాలు బాగున్నా కళకు దొరికేది ఎన్ని రోజులు? సోమవారం సమీక్ష. మంగళవారం పార్టీ సమావేశం. బుధవారం చీరల సేల్. ఆదివారం నృత్య ప్రదర్శన పెట్టుకుంటే ముందు రెండు వరుసల్లో సోఫాలు పడతాయి. ఆరు గంటలకు రావలసిన ముఖ్య అతిథి ఎనిమిదికి వస్తాడు. గజ్జెలు కట్టుకున్న పిల్లలు వేదిక పక్కన నిద్రపోతుంటారు. దీపం, శాలువా, బొకే, ఉపన్యాసం. "సమయాభావం వల్ల కార్యక్రమాన్ని కుదిస్తున్నాం." కుదించేది ఉపన్యాసాన్ని కాదు. పెద్దాయన లేచి వెళ్తాడు. వెనకే సగం హాలు వెళ్తుంది. అందులో మీరు లేరా? టికెట్టు యాభై రూపాయలంటే "పాసులు లేవా అన్నా" అని అడిగింది ఎవరు?

ఆదిలాబాద్‌లో గోండుల గుస్సాడీ నృత్యం ఉంది. ఆ ఆట ఆడి, నేర్పిన మార్లవాయి కనకరాజుకు 2021లో పద్మశ్రీ ఇచ్చారు. 2024లో ఆయన పోయారు. గుస్సాడీ నెమలీకల టోపీ పెట్టుకుని ఫొటో దిగని నాయకుడు జిల్లాలో ఉన్నాడా? టోపీ దించాక ఆ ఆట నేర్పే గూడెంలో నాలుగు గోడలు, ఒక అరుగు అడిగితే మాత్రం నిధులు "పరిశీలనలో" ఉంటాయి.

2027లో గోదావరి పుష్కరాలు. బాసరకు మళ్లీ కాన్వాయ్‌లొస్తాయి. ఘాట్లకు రంగులు పడతాయి. సాంస్కృతిక కార్యక్రమాలకు వాటర్‌ప్రూఫ్ టెంటు వేస్తారు, పన్నెండు రోజులకు కిరాయికి. అయ్యా, ఆ కిరాయి బిల్లు ఎంతయిందో ఒక్కసారి బయటపెట్టండి. దాంతో ఎన్ని పాత హాళ్ల పైకప్పులు కురవకుండా ఆగేవో మేమే లెక్క కట్టుకుంటాం. శిలాఫలకం ఖర్చు కావాలంటే చందాలేసుకుని మేమే పెట్టుకుంటాం. పేరు ఎవరిది వేయమంటారో అదొక్కటి ముందుగా, మీలో మీరు కొట్లాడుకోకుండా తేల్చి చెప్పండి.