‘ఙ’కారం పాప

ఆర్ద్ర నక్షత్రానికి పంచాంగం ఇచ్చే అక్షరాలు కు, ఘ, ఙ, ఛ. మూడో పాదానికి మూడోది. ఒకటో తరగతి పలక మీద తప్ప మళ్లీ జన్మలో కనబడని ఆ ‘ఙ’ శివుడి నక్షత్రంలో, శివుడి ఊళ్లో పుట్టిన మా అన్న మనవరాలికే తగలాలా!

“ఙ లేకపోతే జ్ఞ పెడితే సరి. అమ్మవారి పేరు ఉండనే ఉండాది, జ్ఞానప్రసూన” అని వదిన అక్కడికక్కడే తేల్చేసింది. బెంగళూరులో ఉద్యోగం చేసే కోడలు మాత్రం సెల్‌ఫోను నా చేతిలో పెట్టింది. “మామా, కియారా అంటే సరస్వతి అంట. నువ్వు తెలుగు అయ్యవారివి కదా, నిజమేనా చూడు.”

చూశాను. ఇటలీలో కియారా అంటే వెలుగు. ఐర్లండులో దాదాపు అవే అక్షరాలకు అర్థం నలుపు. అయితే అక్కడ దాన్ని ‘కీరా’ అని పలుకుతారు. కీరా అనే పేరుతో మన కూరగాయల అంగట్లో ఏం దొరుకుతుందో చెప్పనక్కర్లేదు. సరస్వతి ఈ దారిలో ఎక్కడ ఎక్కిందో నాకు అంతు చిక్కలేదు.

ఆ మాటే అన్నాను. “మరి మీ ఊరి పేరో?” అంది కోడలు. అదీ నిజమే. శ్రీకాళహస్తిలో శ్రీ అంటే సాలెపురుగు, కాళమంటే పాము, హస్తి అంటే ఏనుగు అని గుడికొచ్చిన ప్రతివాళ్లకీ చెబుతాం. అమరకోశం తీస్తే సాలెపురుగుకు లూత, తంతువాయం, ఊర్ణనాభం, మర్కటకం అని ఉంది. శ్రీ లేదు, ఆవిడ లక్ష్మీదేవి వరసలో కూర్చుని ఉంది. పాముకూ ఏనుగుకూ పేరులో చోటు దొరికాక, అంతే భక్తి చేసిన సాలీణ్ణి వట్టి చేతులతో పంపలేక మిగిలిన శ్రీని దానికి ఇచ్చినట్టున్నారు మనవాళ్లు. నాకైతే అది న్యాయంగానే తోస్తుంది.

తిన్నడి సంగతీ అంతే. మాంసం రుచి చూసి మరీ స్వామికి పెట్టాడు గనక తిన్నడు అయ్యాడని మా వీధిలో సగం మంది నమ్మకం. పన్నెండో శతాబ్దంలో పెరియపురాణం రాసిన సేక్కిళార్ వేరే చెప్పాడు: తండ్రి బిడ్డను ఎత్తుకుంటే దిట్టంగా, బరువుగా ఉన్నాడట, అందుకని తిణ్ణన్ అన్నాడట. తమిళంలో తిణ్ అంటే గట్టితనం. ఎత్తి చూసి, బరువు తెలుసుకుని పెట్టిన పేరు! ఇంతకన్నా పక్కా అర్థం ఏ పేర్ల పుస్తకంలో దొరుకుతుంది? కన్నప్ప అన్న పేరుకైతే ఏకంగా కన్నే ఇచ్చుకున్నాడు.

ఇదంతా చెబితే కోడలు పాపను ఓసారి ఎత్తి చూసి, “మూడు కిలోలు. దీనికేం పేరు వస్తుంది మామా?” అంది.

నామకరణం నాడు బియ్యంలో జ్ఞానప్రసూన అనే రాశారు. పురపాలక సంఘంలో మాత్రం పుట్టుక ఒక్కటే నమోదైంది, పేరు గడి ఖాళీ. ఏడాదిలోపు చేరిస్తే రుసుము లేదు. ఆ తర్వాత కూడా ఆలస్య రుసుము కట్టి పదిహేనేళ్లు వచ్చేదాకా చేర్చుకోవచ్చు. ఈ పదిహేనేళ్ల ముక్క కోడలి చెవిన వేయనని వదిన నా చేత ఒట్టు వేయించుకుంది.