పాచిపెంట కుంచం

సోలలు రెండైతే తవ్వ, తవ్వలు రెండైతే మానిక, మానికలు రెండైతే అడ్డ, అడ్డలు రెండైతే నేను. ఇప్పటి పిల్లలకు మా వావివరసలు తెలియవు, అందుకని ముందే చెప్పేశాను. ఇనుప రేకుతో కమ్మరి కొట్టిన కుంచాన్ని. ఊరు పాచిపెంట.

కొండ దిగేవాడికి మొదటి ఊరు, ఎక్కేవాడికి చివరి ఊరు మాది. మా జమీందారులకు జయపురం రాజులిచ్చిన బిరుదు ‘దక్షిణ కవాట యువరాజు’. కవాటమంటే తలుపు. బిరుదులన్నీ డాబుకే అనుకుంటాం గానీ ఇది అచ్చంగా ఉద్యోగం, ఘాటీ కాయడం. తలుపున్నచోట తగవూ ఉంటుంది. విజయనగరం వారు మా దొరలను గెంటేశారు. 1794లో పద్మనాభం యుద్ధంలో విజయనగరం రాజు చిన విజయరామరాజు పడిపోయాకే మా దొరలు మళ్లీ గద్దెక్కారు. ఇవన్నీ నేను పుట్టకముందు సంగతులు, గాదె పక్కన కూర్చుని విన్నవి.

నేను చూసింది కావిళ్లను. చోళ్లు, సామలు, కందులు, చింతపండు కిందికి దిగేవి. ఉప్పు, ఎండుచేప పైకి వెళ్లేవి. కొలిచేవాడు మొదటి కుంచాన్ని ‘ఒకటి’ అనడు, ‘లాభం’ అంటాడు. ఎవరికి లాభమో చెప్పడు. అప్పు తీర్చుకునేటప్పుడు నా నెత్తిన గోపురం లేచేది. ఇచ్చేటప్పుడు అరచేత్తో అంచు వెంబడి గీసేసేవారు. కుంచం ఒకటే, చెయ్యే వేరు.

అదీ చాలలేదు ఒక షావుకారుకు. నా అడుగున చెక్క బిళ్ల బిగించాడు. అలా కడుపులో అబద్ధం పెట్టుకుని ఆరేళ్లు బతికాను. ఒక సంతనాడు గదబ ముసలమ్మ ఒకామె తన ఇంటి మానిక తెచ్చి, అందరూ చూస్తుండగా చోళ్లు నాలో పోసింది. నాలుగో మానిక సగం నేలపాలైంది. షావుకారు ‘గింజ ఉబ్బింది’ అన్నాడు. ఆమె మాట్లాడలేదు, కిందపడ్డవి ఏరుకుని పోయింది. నా పరువు పోయిన రోజది. బరువు దిగిన రోజు కూడా.

ఇలాంటి లెక్కలు, గింజకు గింజే వడ్డీగా లాగే నాగు అప్పులు, వెట్టి కలిసి రాజేసిన గిరిజన తిరుగుబాటును 1967 తర్వాత శ్రీకాకుళం కొండల్లో దేశమంతా చూసింది. ఏజెన్సీ భూమి గిరిజనేతరుల చేతికి పోకుండా 1/70 చట్టం వచ్చింది. అంతకు ముందే, 1956లో, గిరిజన సహకార సంస్థ పుట్టింది, మెట్రిక్ కొలతల చట్టమూ వచ్చింది. కిలో రాళ్లు దిగాయి, నాకు పని పోయింది. నేను ఏడవలేదు.

నేను ఊరు దాటకుండానే ఊరు జిల్లాలు మారింది. 1936లో కోరాపుట్ ఒరిస్సాలోకి పోయి కొండపైన సరిహద్దు వెలిసింది. 1950లో విశాఖ నుంచి శ్రీకాకుళంలోకి, 1979లో విజయనగరంలోకి, 2022 ఏప్రిల్ 4న పార్వతీపురం మన్యంలోకి వెళ్లాం. కాగితాల మీద ఇన్ని ప్రయాణాలు చేసిన ఊరు మరొకటి చూపించండి! పెద్దగెడ్డకు జలాశయం కట్టారు. పి.కోనవలస దగ్గర ఘాట్ ఎక్కే లారీల మోత రాత్రంతా వినిపిస్తుంది. కావిడి బరువు మోసే భుజం మాత్రం ఇప్పుడు కనబడదు.

షావుకారు బిగించిన ఆ చెక్క బిళ్లను నేనిప్పుడున్న ఇంటివాళ్లు ఎప్పుడో పీకి పొయ్యిలో పెట్టారు. ఇప్పుడు నా నిండా చోళ్ల విత్తనాలున్నాయి, పైన వేపాకు కప్పారు. వానలు పడేదాకా నన్ను ఎవరూ కదపరు.