త్రేతాయుగానికి షేర్ ఆటో

భద్రాచలం బస్టాండు బయట త్రేతాయుగానికి ఆటోలు దొరుకుతాయి. ఆటోవాళ్లు కేకేసేది "పర్ణశాల, పర్ణశాల" అనే గానీ, తీసుకెళ్లేది సీతారాములు కాపురమున్న చోటికే కదా! దూరం 35 కిలోమీటర్లు. పంచాంగం లెక్కలో ద్వాపరానికి 8,64,000 ఏళ్లు, ఆపైన కలి మొదలై ఐదువేల ఏళ్లు దాటింది. అంటే త్రేతాయుగం ఆఖరి రోజును అందుకోవాలన్నా కిలోమీటరుకు దాదాపు పాతికవేల ఏళ్ల చొప్పున వెనక్కి పోవాలి. స్పీడ్ బ్రేకర్ల దగ్గర కాస్త తగ్గుతుంది.

1895లో హెచ్.జి. వెల్స్ 'టైమ్ మెషీన్' నవల రాశాడు. 1991లో మన సింగీతం శ్రీనివాసరావు 'ఆదిత్య 369' తీసి, బాలకృష్ణను 1526లో ఉన్న కృష్ణదేవరాయల కొలువుకూ, అది చాలదని 2504కూ పంపించారు. ఇద్దరికీ ఒక యంత్రం కావాల్సి వచ్చింది. మా అడవి సరిహద్దు పద్ధతికి యంత్రంతో పనిలేదు. మనిషి కదలక్కర్లేదు, ఊరే కదులుతుంది.

భద్రాచలాన్నే చూడండి. 1860 దాకా నిజాం రాజ్యం. తర్వాత ఇంగ్లీషువాళ్ల చేతికి వచ్చి సెంట్రల్ ప్రావిన్సెస్‌లో కొన్నాళ్లుంది. 1874లో మద్రాసు ప్రెసిడెన్సీకి, గోదావరి జిల్లాకు మారింది. 1953లో ఆంధ్ర రాష్ట్రం, 1956లో ఆంధ్రప్రదేశ్, 1959లో ఖమ్మం జిల్లా, 2014లో తెలంగాణ, 2016లో భద్రాద్రి కొత్తగూడెం జిల్లా. ఇన్ని బదిలీలు ఏ తహశీల్దారుకూ అయి ఉండవు. గట్టు మీది రాముడు మాత్రం సీతమ్మను తొడమీద కూర్చోబెట్టుకుని జానెడు జరగలేదు.

2014లో మరో చిత్రం జరిగింది. పోలవరం ముంపు పేరుతో మండలాలు ఆంధ్రకు వెళ్లాయి. భద్రాచలం మండలమూ వెళ్లింది, పట్టణం ఒక్కటీ ఆగిపోయింది. దాంతో స్వామి తెలంగాణలో, పురుషోత్తపట్నంలోని స్వామివారి పొలాలు ఆంధ్రలో. పర్ణశాలకు వెళ్లాలంటే ఊరు దాటగానే ఆంధ్రలో అడుగుపెట్టి, కాసేపటికి మళ్లీ తెలంగాణలో తేలాలి.

"ఇప్పుడు మనం ఏ రాష్ట్రంలో ఉన్నాం అన్నా?" అని అడిగాను ఆటో అతన్ని.

"బంకు రానియ్యండి సార్, డీజిల్ రేటు చూసి చెప్తా."

ఎటపాక వచ్చింది. జటాయువు రావణుణ్ని అడ్డుకుని కూలిన చోటు ఇదేనని ఇక్కడివాళ్లు చెబుతారు. ఇప్పుడది ఆంధ్ర. అపహరణ జరిగిన పర్ణశాల తెలంగాణ. కళ్లారా చూసిన సాక్షి పక్క రాష్ట్రంలో రెక్కలు తెగి పడున్నాడు. కేసు ఏ స్టేషన్లో రాయాలో తేలేలోపు వారధి కట్టడం పూర్తయ్యేది.

దుమ్ముగూడెం దగ్గర ఇంగ్లీషువాళ్లు కట్టిన ఆనకట్ట ఉంది. గోదావరి మీద పడవలు నడిపి మధ్య భారతం పత్తిని సముద్రానికి చేర్చాలనుకున్నారు. రాళ్లు అడ్డొచ్చాయి, డబ్బూ అయిపోయింది, 1870లలో మానేశారు. ఇంజనీర్లు లెక్కలు వేసి చేసే ప్రయాణాలు ఇలాగే ఉంటాయి.

లెక్క లేకుండా జరిగిన ప్రయాణం రామదాసు కథలో ఉంది. రామదాసుగా పేరుపడ్డ పాల్వంచ తహశీల్దారు కంచర్ల గోపన్న సర్కారు సొమ్ముతో భద్రాచలం గుడి కట్టి గోల్కొండ జైల్లో పడ్డాడు. అప్పటి సుల్తాను తానీషా గద్దెనెక్కింది 1672లో. ఒక రాత్రి రామలక్ష్మణులే రామోజీ, లక్ష్మోజీ అనే పేర్లతో అతని దగ్గరికి వచ్చి ఆరు లక్షలు కట్టి, రసీదు తీసుకుని మాయమయ్యారట. యుగాలు దాటి వచ్చినవాడు రసీదు అడగడం నాకు ఆ కథలో అన్నిటికంటే నచ్చిన సంగతి. ఆఫీసుల స్వభావం ఆయనకు తెలుసన్నమాట. నాణేల మీద ఆయన ముద్రే ఉందంటారు. త్రేతాయుగం నాటి డబ్బును గోల్కొండ ఖజానా కిక్కురుమనకుండా తీసుకుంది. నేనిచ్చిన నలిగిన పదినోటును మాత్రం ఈ ఆటో అన్న ఎండకు పట్టి చూసి వెనక్కిచ్చాడు. ఇంతా చేసి స్వామి రావడానికి పన్నెండేళ్లు పట్టింది. కిలోమీటరుకు పాతికవేల ఏళ్ల దారిలో పన్నెండేళ్ల ఆలస్యాన్ని ఆలస్యమనకూడదేమో, జైల్లో ఉన్నది మనం కాదు కాబట్టి.

పర్ణశాలలో సిమెంటు బంగారు లేడి పక్కన ఫొటోలు దిగుతున్నారు. వాగు దగ్గర రాళ్ల మీద సీతమ్మ నారచీరలు ఆరేసిన గుర్తులు చూపిస్తున్నారు. ఏ యుగానికైనా పోవడం సులువే, తిరిగి రావడంతోనే చిక్కు. భాగవతంలో కకుద్మి అనే రాజు కూతురికి సంబంధం అడగడానికి బ్రహ్మలోకానికి వెళ్లాడు. అక్కడ గానం నడుస్తోంది, అయ్యేదాకా ఆగాడు. ఆ కాస్తలో భూమ్మీద ఇరవై ఏడు మహాయుగాలు గడిచాయి. అనుకున్న వరుల మునిమనవలు కూడా మిగల్లేదు.

"ఎప్పుడు కదులుద్దన్నా?"

"ఇంకో ముగ్గురు రావాలి సార్."

ఇద్దరు వచ్చారు. కూర్చుని, ఏదో గుర్తొచ్చి, చీరల గుర్తులు చూసొస్తామని మళ్లీ దిగిపోయారు.