వంటిల్లు ఏదో చెప్పండి, వేలి సంగతి తర్వాత

అమెరికాలో ఒకాయన అవకాడో గింజ తీయబోయి ఎడమచేతి చూపుడువేలు కోసుకున్నాడనుకుందాం. అక్కడ ఇది ఎంత మామూలంటే, డాక్టర్లు దీనికి ‘అవకాడో హ్యాండ్’ అని పేరే పెట్టుకున్నారు. ఆయన చికిత్స చేయించుకుని ఇంటికి పోతాడు. వేలి ప్రయాణం మాత్రం అప్పుడే మొదలవుతుంది. అది చార్టుగా మారి, చాలాసార్లు హైదరాబాద్ దాకా వస్తుంది. బీఫార్మసీయో బయోటెక్నాలజీయో చదివి, అమీర్‌పేటలో మెడికల్ కోడింగ్ కోచింగ్ తీసుకుని, కోడర్ల సర్టిఫికెట్ పరీక్ష సీపీసీ గట్టెక్కిన మన పిల్లలు ఆ గాయాన్ని ఏడు స్థానాల కోడ్‌లోకి కుదిస్తారు. ఎస్65 అంటే మణికట్టులోనో చేతిలోనో రక్తనాళానికి దెబ్బ. తర్వాతి 5 బొటనవేలు కాని వేలు. ఆ పక్కన 1 అంటే తెగింది. ఇంకో 1 అంటే ఎడమ చూపుడువేలు. చివర ‘ఏ’ అంటే మొదటి దర్శనం. మొదటిదంటే నిజంగా మొదటిదని కాదు. మూడో డాక్టరు దగ్గరికి వెళ్లినా, అసలు చికిత్స నడుస్తున్నంతకాలం అది మొదటి దర్శనమే. మొత్తానికి ఎస్65.511ఏ తయారైంది. ఇంకా సరిపోలేదంటే, కత్తి తగిలిందని చెప్పడానికి డబ్ల్యూ26.0 ఉంది, వంటకు తరుగుతున్నాడని చెప్పడానికి వై93.జీ1 ఉంది. ఏ వంటింట్లో తరుగుతున్నాడన్నదీ వదల్లేదు. సొంతింటి వంటగది అయితే వై92.010, మొబైల్ హోమ్ వంటగది అయితే 020, అపార్ట్‌మెంట్ వంటగది అయితే 030. ఈ కారణాల కోడ్లు దేశమంతటా తప్పనిసరి కావు గాని, అడిగినవాడికి లేదనకుండా పుస్తకంలో సిద్ధంగా ఉన్నాయి.

ఇంత శ్రద్ధ చూశాక, వేలు బతుకుతుందా లేదా అన్నది కూడా ఎక్కడో రాసే ఉంటారని ఎవరైనా అనుకుంటారు. రాయలేదు. ప్రతి వేలికీ రెండు పక్కలా రెండు ధమనులుంటాయి. ఒకటి తెగితే మామూలుగా రెండోది వేలిని పోషిస్తుంది. రెండూ తెగితే వేలు తెల్లగా పాలిపోతుంది, వాటిలో ఒకటైనా అతికించకపోతే చాలావరకు దక్కదు. అందుకే చేతి సర్జన్ ముందు తేల్చుకునేది తెగింది ఒకటా, రెండా అనే. జవాబు రెండయితే, మైక్రోస్కోప్ కింద, సుమారు ఒక మిల్లీమీటరు వెడల్పున్న నాళాన్ని, వెంట్రుక కన్నా సన్నని దారంతో కుట్టడానికి కూర్చోవాలి. ఈ సంగతి చెప్పే అంకె ఎస్65.511ఏలో లేదు. ఒకటి తెగినా రెండు తెగినా అదే కోడ్. అది ధమనా, సిరా అన్నదీ దానికి పట్టదు. ఏదో ఒక రక్తనాళం, అంతే. పోనీ రెండు ధమనులకూ రెండుసార్లు రాద్దామా అంటే, ఒక దర్శనానికి ఒక డయాగ్నసిస్ కోడ్‌ను ఒక్కసారే రాయాలని నిబంధన ఉంది. అదే వేలి మీద చర్మం తెగితే మాత్రం గోరు దెబ్బతినకపోతే ఎస్61.2, దెబ్బతింటే ఎస్61.3. గోరుకు దక్కిన గౌరవం ధమనికి దక్కలేదు.

పేదరికం వల్ల ఇలా జరిగిందనుకుందామా అంటే, కోడ్లకు కొదవ లేదు. వ్యాధుల వర్గీకరణ పాత కూర్పు ఐసీడీ-9 రోజుల్లో వేళ్ల రక్తనాళాలన్నిటికీ కలిపి 903.5 అనే ఒకే కోడ్ ఉండేది. అది మరీ మొరటుగా ఉందని అమెరికా వాళ్లు ఐసీడీ-10కు తమ సొంత రూపం తెచ్చారు. 2013లో రావాల్సింది 2014కు జరిగి, అక్కడినుంచి 2015 అక్టోబరు 1కి జరిగి, చివరికి వచ్చింది. దాదాపు 14 వేల డయాగ్నసిస్ కోడ్లు కాస్తా దాదాపు 69 వేలయ్యాయి. చేతి రక్తనాళాల వాటా ఎస్65 కింద లెక్కవేస్తే 279. వాటిని ఒక్కొక్కటే చదువుకుంటూ పోతే ఇంకో విశేషం బయటపడుతుంది. సగానికి పైగా కోడ్లు ఏ నాళమో, ఏ చెయ్యో, ఏ వేలో, ఏ రకం దెబ్బో, ఏదో ఒకటి తెలియదని ఒప్పుకునేవే. అజ్ఞానాన్ని ఇంత నిర్దిష్టంగా వర్గీకరించిన గ్రంథం ఇంకోటి ఉంటుందా అన్నది నా అనుమానం. ప్రపంచ ఆరోగ్య సంస్థ వారి అసలు ఐసీడీ-10లో చేతి రక్తనాళాలకు ఉన్నవి తొమ్మిది కోడ్లే. అందులో ఎస్65.7 ఒకటి, ఒకటికి మించి నాళాలు దెబ్బతిన్నాయని చెప్పడానికి. ఏ వేలో చెప్పకపోయినా, లెక్క ఒకటి దాటిందని అది చెప్పగలదు. అమెరికా వాళ్లు వేళ్లన్నిటినీ పేరుపేరునా పిలిచి కూర్చోబెట్టి, ఆ ఒక్కదాన్నే బయటికి పంపారు.

దీనికి కోడింగ్ పక్షం వారి జవాబు తెలిసిందే. కోడ్ ఉన్నది వైద్యానికి కాదు, బిల్లుకు. సర్జన్ కోడ్ చూసి కత్తి పట్టడు, ఆపరేషన్ నోట్ వేరే ఉంటుంది. నిజమే, బిల్లు సంగతే చూద్దాం. చేతి, వేలి నాళాన్ని నేరుగా కుట్టినందుకు డాక్టరు వేసే ప్రొసీజర్ కోడ్ 35207, అన్ని వేళ్లకూ అదొక్కటే. ఏ వేలో చెప్పడానికి దాని వెనక మాడిఫయర్ తగిలిస్తారు. ఎడమ చూపుడువేలైతే ఎఫ్1. అంటే ఏ వేలన్నది బిల్లులో ఒకసారి చెప్పేశాం. అదే మాట డయాగ్నసిస్‌లో మళ్లీ ఎందుకంటే, రెండూ సరిపోలాయో లేదో ఇన్సూరెన్స్ కంప్యూటర్ చూసుకోవడానికి. సరిపోలకపోతే క్లెయిమ్ వెనక్కి వస్తుంది. కుడి, ఎడమ రాయడం వల్ల మేలే లేదని నేననను. నిరుడు కుడిచెయ్యి, ఈ ఏడు ఎడమచెయ్యి కోసుకున్నవాడి రెండో బిల్లును పాతదే మళ్లీ వేశారని కొట్టిపారేయకుండా అది కాపాడుతుంది. కాకపోతే ఆ మేలు కూడా బిల్లుకే.

గణాంకాల కోసమనే వాదం ఇంతకన్నా బరువైనది. ఈ వర్గీకరణ వంశవృక్షం 1893లో ఫ్రెంచి గణాంకవేత్త జాక్ బెర్తిలాన్ తయారుచేసిన మరణ కారణాల జాబితా దాకా పోతుంది. జనం దేనివల్ల చనిపోతున్నారో లెక్క తెలిస్తే నివారించవచ్చన్నది అప్పటి ఆశ. ఆ ఆశను నేను గౌరవిస్తాను. గౌరవించే అడుగుతున్నాను, ఈ 279 కోడ్ల నుంచి పరిశోధకుడికి దొరికేదేమిటి? ఎడమ ఉంగరపువేళ్లు ఎన్ని తెగాయో, కుడి చిటికెనవేళ్లు ఎన్ని తెగాయో దొరుకుతుంది. రెండు ధమనులూ తెగిన వేళ్లెన్ని, అందులో అతికించినవెన్ని, తీసేసినవెన్ని అని అడిగితే, చార్టులు తెరిచి చదువుకోమంటుంది డేటాబేస్. చార్టులు తెరవకుండా ఉండటానికే కదా కోడ్ పెట్టుకున్నది!

ఇక మిగిలింది చోటు లేదన్న వాదం. ఏడు స్థానాలూ నిండాయి, కొత్త అంకె ఎక్కడ దూరుస్తాం అంటారు. ఐదో స్థానంలో వాడుతున్నవి 0, 1, 9 మాత్రమే. 2 నుంచి 8 దాకా ఏడు కుర్చీలు ఖాళీ. పూర్వ ఉదాహరణ కూడా అదే పుస్తకంలో ఉంది. తొడలోని ఫెమొరల్ ధమని కొంత తెగితే ఎస్75.01, పూర్తిగా తెగితే ఎస్75.02. ధమని ఎంత మేర తెగిందన్నది చెప్పదగిన సంగతేనని ఒప్పుకున్నవాళ్లే, చేతి దగ్గరికి వచ్చేసరికి మౌనవ్రతం పట్టారు.

మార్చాలంటే దారి ఉంది. అక్కడ కోడ్ల మార్పులు చర్చించే కమిటీ ఏటా మార్చిలో, సెప్టెంబరులో కూర్చుంటుంది. ప్రతిపాదన ఎవరైనా పంపొచ్చు. కానీ ఎవరు పంపుతారు? ఇన్సూరెన్స్ వాళ్లకు ఒక ధమని తెగినా రెండు తెగినా అవసరమైన వేలి పేరు ముందే దొరికింది. డాక్టర్లు 2015 దెబ్బకే కొత్త కోడ్ మాటెత్తితే దండం పెడుతున్నారు. ‘రెండు డిజిటల్ ధమనులూ పూర్తిగా తెగాయి’ అన్న వాక్యాన్ని నోట్‌లో చదివి, దాన్ని పెట్టే చోటు లేక 511ఏ కొట్టి పక్క చార్టుకు వెళ్లే కోడర్‌కు ఈ లోటు అందరికన్నా బాగా తెలుసు గాని, అమెరికా కమిటీకి ఉత్తరం రాయడం రోజువారీ టార్గెట్‌లో లెక్కకు రాదు. ఇక ఆశ పెట్టుకోదగ్గది కోచింగ్ సెంటర్ల మీదే. వేలికి ధమని లెక్క చేరితే కొత్త కోడ్లు పదుల్లో వస్తాయి, సిలబస్ పెరుగుతుంది, సిలబస్‌తోపాటు ఫీజు పెంచుకోవచ్చు. ఈ లెక్క ఎవరైనా వాళ్ల చెవిన వేస్తే, వచ్చే సెప్టెంబరు సమావేశానికి మొదటి ప్రతిపాదన అమీర్‌పేట నుంచే వెళ్తుంది.