రిసైలోపాఖ్యానం

పొలం బేరంలో అడ్వాన్సు పుచ్చుకున్న సుబ్బయ్య, పక్కనుంచి రింగురోడ్డు వస్తోందని తెలియగానే అడ్డం తిరిగాడనుకోండి. ఊరంతా అతన్ని మాట తప్పినవాడంటుంది. కాస్త చనువున్నవాళ్ళు నాలుక మడతేశాడంటారు. అదే సుబ్బయ్య కొడుకు పట్నంలో ఫ్లాట్లు అమ్ముతూ అదే పని చేస్తే వ్యవహారం కోర్టుకెక్కుతుంది. అక్కడ దావా కాగితం మీద పడే మాట వేరు: ప్రతివాది ఒప్పందం నుంచి రిసైల్ అయ్యాడు. ఇద్దరూ చేసింది ఒకటే. తండ్రికి తిట్టు దక్కింది, కొడుక్కి ఇంగ్లీషు దక్కింది.

ఈ రిసైల్ వింత క్రియాపదం. ఇంగ్లీషు పుట్టింట్లో కూడా దాన్ని ఎరిగినవాళ్ళు తక్కువే. స్కాట్లాండ్ న్యాయశాస్త్రంలో ఒప్పందం నుంచి వెనక్కి తగ్గడానికి స్థిరపడిన మాట అది. మన కోర్టుల్లో రోజువారీ సరుకు. దొరలు దాన్ని 'రిజైల్' అని పలుకుతారు, మన నోట 'రిసైల్' అయింది. ఉచ్చారణ నుంచి మనమూ కాస్త రిసైల్ అయ్యామన్నమాట, పోనీండి.

లాటిన్‌లో 'సలీరే' అంటే గెంతడం. దాని ముందు 'రె' తగిలిస్తే వెనక్కి గెంతడం. సాగదీసి వదిలిన వస్తువు మళ్ళీ తన ఆకారానికి రావడాన్ని కూడా ఇంగ్లీషువాళ్ళు ఈ మాటతోనే చెప్పారు. ఆ అర్థం పట్టుకుంటే మన నాయకులకు ఈ క్రియ వాడకూడదు. రబ్బరుకైతే తిరిగి రావడానికి ఒక అసలు ఆకారమంటూ ఉంటుంది.

ఈ ఇంట్లోనే పుట్టిన మరో పిల్ల 'రెజిలియెన్స్'. ఆవిడ అదృష్టవంతురాలు. కార్పొరేట్ శిక్షణ తరగతుల్లో, వరదల తర్వాత మంత్రుల ప్రసంగాల్లో ఆవిడకు దండలే దండలు. దెబ్బ తిని మళ్ళీ లేచి నిలబడితే రెజిలియెన్స్, మాట ఇచ్చి మళ్ళీ లేచి వెళ్ళిపోతే రిసైల్. ఒకే గెంతు. ఎవరి కాళ్ళు, ఎవరి నెత్తి అన్నదే తేడా.

మనకు ఇలాంటి మాటల కరువు లేదు. ప్లేటు ఫిరాయించడం, పిల్లిమొగ్గలు వేయడం, గోడ దూకడం, కప్పదాటు వేయడం. అన్నిట్లోనూ ఒక జంతువో, ఒక గోడో, ఒక ప్లేటో కనబడుతుంది, చేసినవాడి ముఖమూ కనబడుతుంది. రిసైల్‌లో ఎవరూ కనబడరు. ఇస్త్రీ చేసిన నల్లకోటు ఒక్కటే కనబడుతుంది.

వ్యాకరణం ప్రకారం ఈ క్రియకు ఒక షరతుంది. దేని 'నుంచి' అన్నది చెప్పాలి. ముందు ఒక మాట ఉంటేనే దాని నుంచి రిసైల్ కాగలరు. అసలు మాటే ఇవ్వనివాణ్ణి ఈ క్రియ ముట్టుకోలేదు. ఈ సూక్ష్మం మన ఆఫీసుల్లో వ్యాకరణం చదవకుండానే అందరికీ తెలుసు. అందుకే అర్జీ పట్టుకుని వెళితే 'చేస్తాం' అనరు, 'పరిశీలిస్తాం' అంటారు. పార్లమెంటు మాత్రం ఇంకో ఆకు ఎక్కువే చదివింది. ప్రభుత్వ హామీల కమిటీ అని లోక్‌సభకు 1953 నుంచీ ఒకటుంది. సభలో మంత్రి 'విషయం పరిశీలనలో ఉంది' అన్నా సరే, ఆ కమిటీ దాన్ని హామీ కింద రాసుకుంటుంది. మూడు నెలల్లో నెరవేర్చాలని నియమం. నెరవేర్చడం కుదరకపోతే 'ఈ హామీని వదిలేయండి' అని కమిటీకే విన్నపం పెట్టుకోవచ్చు. రిసైల్ కావడానికి దరఖాస్తు పద్ధతి ఉన్న దేశం మనది.

అయితే ఈ మాటకు అసలైన కాపురం క్రిమినల్ కోర్టులోనే. హత్య జరిగిన రోజు సాక్షి పోలీసులకు అంతా చెబుతాడు. ఎవరు కొట్టారు, ఏ చేత్తో కొట్టారు, చొక్కా రంగేమిటి, అన్నీ. పోలీసులు రాసుకుంటారు. దాని మీద సాక్షి సంతకం తీసుకోకూడదని చట్టమే చెబుతుంది. ఆరేళ్ళ తర్వాత సమన్లు వస్తాయి. ఈలోగా ముద్దాయి బెయిలు మీద వచ్చి పక్క వీధిలోనే ఉంటున్నాడు. వాళ్ళ బావమరిది సర్పంచయ్యాడు. సాక్షి కూతురి పెళ్ళికి ఎవరో డబ్బు సర్దారు. ఇక బోనులో సంభాషణ ఇలా నడుస్తుంది.

"నువ్వు పోలీసులకు ఇలా చెప్పావు కదా?"

"నేను చెప్పలేదండి."

"పంచనామా మీద సంతకం నీదేనా?"

"నాదేనండి. తెల్లకాగితం మీద పెట్టమంటే పెట్టానండి."

"ముద్దాయితో రాజీపడి అబద్ధమాడుతున్నావంటాను."

"అది నిజం కాదండి."

ఈ చివరి వాక్యం తెలుగు నేల మీద ప్రతి కోర్టు గోడకూ కంఠస్థమై ఉంటుంది. సాక్షి మునుపటి వాంగ్మూలం నుంచి రిసైల్ అయినట్టు రాసుకుంటారు. పబ్లిక్ ప్రాసిక్యూటర్ గారు అతన్ని హాస్టైల్‌గా, అంటే ఎదురు తిరిగినవాడిగా, ప్రకటించమని అడుగుతారు. తమాషా ఏమిటంటే 1872 నాటి సాక్ష్య చట్టంలో హాస్టైల్ అన్న మాటే లేదు. పిలిచినవాళ్ళే తమ సాక్షిని ఎదురు ప్రశ్నలు వేసుకోవడానికి 154వ సెక్షన్ కింద కోర్టు అనుమతించవచ్చు, అంతే. 2024 జులై 1 నుంచి ఆ సెక్షన్ కొత్త చట్టంలో 157 అయింది. నంబరు మారింది. సాక్షులు మాత్రం పాత పద్ధతిలోనే మారుతున్నారు.

ఇది పేదసాదల రోగమని అనుకోకండి. 1999 ఏప్రిల్‌లో ఢిల్లీలోని ఒక రెస్టారెంటులో నిండా జనం మధ్య జెస్సికా లాల్ అనే యువతిని కాల్చి చంపారు. అక్కడున్నది చదువుకున్నవాళ్ళు, డబ్బున్నవాళ్ళు. బోనెక్కేసరికి వాళ్ళలో చాలామందికి చూపు మందగించింది. ఫిర్యాదు ఇచ్చిన ప్రధాన సాక్షి, అది హిందీలో రాశారనీ తనకు హిందీ రాదనీ అన్నాడు. తర్వాత ఆయన హిందీ సినిమాలో నటించాడు. 2006 ఫిబ్రవరిలో కింది కోర్టు నిందితులందరినీ వదిలేసింది. దేశం గొడవ చేసింది. అదే ఏడాది డిసెంబరులో హైకోర్టు ప్రధాన నిందితుడికి యావజ్జీవం వేసింది, 2010లో సుప్రీంకోర్టు ఖాయం చేసింది. సాక్షుల రక్షణ పథకానికి సుప్రీంకోర్టు ఆమోదముద్ర వేసింది 2018లో. 1872లో చట్టం, 2018లో రక్షణ. మధ్యలో నూట నలభై ఆరేళ్ళపాటు సాక్షిని రక్షించింది అతని మతిమరుపే. పక్క వీధిలో హంతకుడు తిరుగుతుంటే రిసైల్ అయిన కూలివాణ్ణి నేనైతే తిట్టలేను. రెస్టారెంటు మహారాజులకు ఆ మినహాయింపు ఇవ్వలేను.

ఇక సర్కారు వారి రిసైల్. ఇందులో నాకు అన్నిటికన్నా ఇష్టమైనది కాన్పూర్ వనస్పతి కథ. 1968 అక్టోబరులో పేపర్లో వార్త వచ్చింది: ఉత్తరప్రదేశ్‌లో కొత్త పరిశ్రమ పెడితే మూడేళ్ళు అమ్మకం పన్ను ఉండదు. మోతీలాల్ పదంపత్ చక్కెర మిల్లువాళ్ళు అది చదివి, వనస్పతి ఫ్యాక్టరీ పెడతాం, నిజమేనా అని అడిగారు. నిజమేనని ప్రభుత్వం ఉత్తరం రాసిచ్చింది. వాళ్ళు అప్పు తెచ్చి, యంత్రాలు కొని, కట్టడం మొదలుపెట్టారు. 1970 జనవరికి ప్రభుత్వం పూర్తి మినహాయింపు కాదు, కాస్త రాయితీ ఇస్తామంది. సరేనన్నారు. జులైలో డాల్డా డబ్బాలు బయటికొచ్చాయి. ఆగస్టులో ఆ రాయితీ కూడా లేదన్నారు. నూనె గడ్డకట్టినంత సేపు కూడా మాట గడ్డకట్టలేదు.

వాళ్ళు కోర్టుకెక్కారు. 1978 డిసెంబరులో సుప్రీంకోర్టులో జస్టిస్ భగవతి తీర్పు చెప్పారు. ప్రభుత్వ మాట నమ్మి ఒకడు తన స్థితి మార్చుకున్నాక, ఆ మాట నుంచి రిసైల్ కావడం కుదరదు. మంత్రివర్గానికి మనసు మారిందంటే చాలదు, బలమైన ప్రజాప్రయోజనం ఏదో చూపించాలి. దీన్ని ప్రామిసరీ ఎస్టాపెల్ అంటారు. వినడానికి దోమల మందు పేరులా ఉన్నా మంచి సూత్రం. ఇంకా మంచి సంగతి తర్వాత జరిగింది. 1980లో అదే సుప్రీంకోర్టులో మరో ధర్మాసనం ఒక హర్యానా కేసులో ఈ తీర్పుతో విభేదించింది. 1985లో ఇంకో ధర్మాసనం వచ్చి, కాదు, మొదటిదే సరైనదంది. రిసైల్ కాకూడదని చెప్పడంలో కోర్టు గారు ఒకసారి వెనక్కి, ఒకసారి ముందుకు గెంతారు.

మన రెండు రాష్ట్రాలవాళ్ళకూ ఈ క్రియ ప్రాక్టికల్స్‌తో సహా వచ్చు. 2009 డిసెంబరు 9 రాత్రి కేంద్ర హోంమంత్రి చిదంబరం తెలంగాణ ఏర్పాటు ప్రక్రియ మొదలవుతుందని ప్రకటించారు. అదే నెల 23న పరిస్థితి మారిందన్నారు, విస్తృత సంప్రదింపులు కావాలన్నారు. పద్నాలుగు రోజులు. పెళ్ళి పదహారు రోజుల పండగంటారు, దానికి కూడా రెండు రోజులు తక్కువే. ఆ రెండు తేదీల మధ్య నుంచి 2014 జూన్ 2కి చేరడానికి నాలుగున్నరేళ్ళు పట్టింది. ఆంధ్రావాళ్ళ వంతు 2014 ఫిబ్రవరి 20న వచ్చింది. రాజ్యసభలో ప్రధాని మన్మోహన్ సింగ్ ఐదేళ్ళు ప్రత్యేక హోదా అన్నారు. ఐదేం సరిపోతుంది, పదేళ్ళు కావాలన్న ప్రతిపక్షం అధికారంలోకి వచ్చింది. 2016 సెప్టెంబరులో హోదాకు బదులు ప్యాకేజీ ప్రకటించింది. ఇక్కడ వ్యాకరణమే చేతులెత్తేస్తుంది. ఇచ్చిన నోరొకటి, ఇవ్వని చేయి ఇంకొకటి. క్రియ ఉంది, కర్త దొరకడు.

నన్ను ఏ పార్టీవాడని అడక్కండి. రిసైల్‌కు పార్టీ ఉంటే 1967లో హర్యానా ఎమ్మెల్యే గయాలాల్ పదిహేను రోజుల్లో మూడుసార్లు అటూ ఇటూ మారి ఉండేవాడు కాదు, ఆయారామ్ గయారామ్ అన్న సామెత మనకు ఉండేదీ కాదు. ఆ రోగానికి 1985లో రాజ్యాంగంలో పదో షెడ్యూలు అనే మందు వేశారు. ఒక్కొక్కడుగా గెంతితే తప్పు, కలిసికట్టుగా గెంతితే విలీనం. మా ప్లీడరు మిత్రుడొకాయన టైపిస్టు రిసైల్‌ను ప్రతిసారీ 'రీసేల్' అని కొట్టేవాడట. దావాల్లో అది తప్పే. శాసనసభ వార్తల్లో దిద్దాల్సిన పనిలేదు.

నిజానికి ఈ విషయంలో తొలి లీగల్ ఒపీనియన్ మన శుక్రాచార్యులవారిది. వచ్చినవాడు పొట్టి వటువు కాదు, విష్ణువే, ఇస్తానన్న మూడడుగులూ ఇవ్వకు, కొన్ని సందర్భాల్లో బొంకినా పాపం లేదని ఆయన బలికి సలహా ఇచ్చాడు. ఆ సందర్భాల జాబితా పోతన భాగవతం చదివినవాళ్ళందరికీ తెలుసు. బలి రిసైల్ కానన్నాడు, పాతాళానికి వెళ్ళాడు. లాయరు గారు వదల్లేదు, కమండలం కొమ్ములో దూరి నీళ్ళకు అడ్డుపడ్డారు, దర్భపుల్ల గుచ్చుకుని ఒక కన్ను పోయిందని జనం చెప్పుకుంటారు. ఆ కథ నుంచి బలి నీతి నేర్చుకున్నవాళ్ళు నాకు తారసపడలేదు. శుక్రాచార్యుల శిష్యులు మాత్రం ప్రతి సచివాలయంలోనూ ఉన్నారు, రెండు కళ్ళతో.

ఇప్పుడు ఓటరు సంగతి. పాఠకులు అడగొచ్చు: వనస్పతి కంపెనీకి దొరికిన న్యాయం మాకెందుకు దొరకదు, మ్యానిఫెస్టోలో రాశారు కదా అని. 2013లో, తమిళనాడు ఉచిత టీవీల కేసులో, మ్యానిఫెస్టో హామీలు అవినీతి చర్య కిందికి రావని సుప్రీంకోర్టు తేల్చింది, వాటికి మార్గదర్శకాలు రాయమని ఎన్నికల సంఘానికి చెప్పింది. 2021 జులైలో మాత్రం ఢిల్లీ హైకోర్టులో ఒక న్యాయమూర్తి, కరోనా వేళ పేదల ఇంటద్దె కడతామని ముఖ్యమంత్రి విలేకరుల సమావేశంలో చెప్పిన మాట అమలు చేయదగ్గదే అన్నారు. దేశంలో మైకులన్నీ ఒక్క క్షణం ఉలిక్కిపడి ఉంటాయి. సెప్టెంబరులో డివిజన్ బెంచి స్టే ఇచ్చింది. మైకులు కుదుటపడ్డాయి.

సూత్రం మళ్ళీ చదవండి. మాట నమ్మి మీరు 'స్థితి మార్చుకుని' ఉండాలి. ఎండలో క్యూలో నిలబడి మీట నొక్కడం, వేలి మీద సిరా వేయించుకోవడం ఆ లెక్కలోకి రావు. కాబట్టి వచ్చే ఎన్నికల్లో ఎవరైనా మీ వీధికి వచ్చి హామీ ఇస్తే చప్పట్లు కొట్టకండి. ఆ హామీని ఉత్తరం మీద, సంతకంతో, తేదీతో రాయించుకోండి. మర్నాడే అప్పు తెచ్చి ఒక ఫ్యాక్టరీ మొదలుపెట్టండి. రసీదులు పారేయకండి, పదేళ్ళు పట్టొచ్చు.