డెబ్బై పైసల మిత్తి

వడ్డీని శాతాల్లో చెబితే మనవాళ్లకు ఎక్కదు. నూటికి నెలకు ఎన్ని రూపాయలో చెప్పాలి. రూపాయి వడ్డీ అంటే చుట్టరికం. రెండు రూపాయలంటే వ్యాపారం. మూడు రూపాయలంటే ఆడపిల్ల పెళ్లి. ఐదు రూపాయలంటే ఆస్పత్రి. అంకె వినగానే అప్పు తీసుకున్నవాడి ఇంట్లో ఏం జరుగుతోందో ఊరంతా చెప్పేయగలదు.

అందుకే ఇంటి లోను మీద బ్యాంకు ఎనిమిదిన్నర శాతం అడుగుతోందని చెప్పగానే, నల్గొండ నుంచి వచ్చిన మా మామ దాన్ని పన్నెండుతో భాగించి, మంచం మీద లేచి కూర్చున్నాడు.

"డెబ్బై పైసల మిత్తా! గింత తక్కువకు నా సొంత తమ్ముడు గూడ ఇయ్యడు. ఆలోచన జెయ్యకు అల్లుడా, తీస్కో."

మామ లెక్క తప్పు కాదు. డెబ్బై పైసల పైన ఇంకో పైసా ఉంటుంది, అంతే. కానీ ఊళ్లో మిత్తి పంటకు పంట మధ్య నడుస్తుంది. తీసుకున్నవాడు కోతలయ్యాక ఇస్తాడు, లేదా ఇచ్చినవాడు వచ్చి అరుగు మీద కూర్చుంటాడు. ఇరవయ్యేళ్లకు అప్పిచ్చే మొనగాడు ఏ ఊళ్లోనూ లేడు. బ్యాంకు ఉంది. అరుగు మీద కూర్చోవడానికి రాదు కూడా. నెల మొదట్లో, మనం నిద్ర లేవకముందే, జీతంలోంచి తన వాటా తీసుకుని వెళ్లిపోతుంది.

మేం దబీర్‌పురాలో అద్దెకుంటాం. పాత నగరం చుట్టూ ఒకప్పుడున్న గోడ పోయింది, దాని దర్వాజాల్లో మిగిలినవి రెండే: పురానాపూల్‌ది ఒకటి, మాది ఒకటి. దానికి కాస్త దూరంలో మా ఓనరు చాచా ఇల్లు. కింద ఆయన, పైన మేము. ఎంఎంటీఎస్ ఎక్కి సికింద్రాబాద్ ఆఫీసుకి పోయి రావడం, ముహర్రం పదోనాడు బీబీ కా అలావా నుంచి ఏనుగు మీద అలం బయలుదేరితే డాబా మీంచి గల్లీ నిండిన జనాన్ని చూడటం, ఇలా సుఖంగానే ఉన్నాం. కానీ సుఖంగా ఉన్న తెలుగువాణ్ణి చూస్తే చుట్టాలు ఊరుకోరు. "ఇంకా అద్దె ఇల్లేనా?" అంటారు. ఆ ప్రశ్నకు జవాబుగా 65 లక్షల ఫ్లాటు చూశాం. 1,250 చదరపు అడుగులు. కట్టడం పూర్తయి ఓసీ వచ్చిన ఫ్లాటు కాబట్టి జీఎస్టీ తప్పింది. కడుతుండగా కొంటే అదో ఐదు శాతం.

ఉన్న గల్లీలోనే కొనుక్కోవచ్చు కదా అంటారేమో. ఇక్కడ ఇళ్లున్నాయి, కాగితాలు లేవు. చాచా ఇల్లు నాలుగు తరాలది. వాళ్ల ముత్తాత నోటిమాటగా హిబా (దానం) ఇచ్చాడు. చట్టం ఒప్పుకుంటుంది, బ్యాంకు లాయరు ఒప్పుకోడు. ముప్ఫై ఏళ్ల లింకు డాక్యుమెంట్లు కావాలి, ఈసీ కావాలి, వారసులందరి సంతకాలు కావాలి. వారసుల్లో ఒకాయన జెడ్డాలో ఉన్నాడు, ఒకావిడ షికాగోలో ఉంది, మిగతావాళ్లు పక్క గదుల్లోనే ఉన్నారు గానీ సంతకం విషయంలో వాళ్లే ఎక్కువ దూరం. ఇలాంటి గల్లీలో జనం ఇంటి కోసం బ్యాంకుకు పోరు. బీసీ చిట్టీ ఎత్తుతారు, బంగారం అమ్ముతారు, గల్ఫ్ డబ్బు కోసం ఎదురుచూస్తారు. వడ్డీ ఇవ్వడమూ పుచ్చుకోవడమూ హరాం అని చాచా అసలు ఆ వైపే చూడడు.

బ్యాంకులో మాత్రం మాకు పెళ్లివారి మర్యాద జరిగింది. కుర్చీ వేశారు, చాయ్ తెప్పించారు. కంప్యూటర్లో ఏదో కొట్టి, ఆఫీసరుగారు చెయ్యి చాపి "కంగ్రాట్యులేషన్స్ సార్, 50 లక్షలకు మీరు ఎలిజిబుల్" అన్నారు. అప్పు పుట్టినందుకు అభినందనలందుకోవడం నాకదే మొదలు. మా తాతగారి కాలంలో అప్పు చేసినవాడు సందుల వెంట ఇల్లు చేరేవాడు. నేను స్వీటు డబ్బా కొనుక్కుని చేరాను.

ఆ డబ్బా చాచాకిస్తూ ఈఎంఐ 43,391 అని చెప్పాను. ఆయన జిలేబీ నోట్లో పెట్టుకోకుండా ఆగాడు.

"మహీనే కీ బాత్ ఛోడో భై. పూరా మిలాకే కిత్తా హోతా?"

మొత్తం ఎంతవుతుంది? బ్యాంకులో చాయ్ తాగినంతసేపూ ఈ ఒక్క ముక్క ఎవరూ అనలేదు. సంతకాలు పెట్టించే కాగితాల్లో ఎక్కడో ఉంటుందిట. అక్కడి దాకా చదివేసరికి పెన్ను మన చేతిలో ఉంటుంది. మా ఆవిడ ఫోన్‌లో గుణించింది. 240 నెలలు. ఒక కోటీ నాలుగు లక్షల 14 వేలు. 50 లక్షల అప్పుకు 54 లక్షల 14 వేల వడ్డీ. దానికి మా చేతి డబ్బు 15 లక్షలు, రిజిస్ట్రేషన్‌కు తెలంగాణలో ఏడున్నర శాతం చొప్పున 4 లక్షల 87 వేల ఐదొందలు కలిపితే, 65 లక్షల ఫ్లాటు కోటీ ఇరవై నాలుగు లక్షలు. కార్పస్ ఫండు, మెయింటెనెన్సు, ఆస్తి పన్ను, కప్‌బోర్డులు వేరు.

"దో ఘర్ కా పైసా, ఏక్ ఘర్" అని చాచా జిలేబీ నోట్లో వేసుకున్నాడు.

ఇక ఆ రాత్రి మా ఇంట్లో నిద్రలేదు. మొదటి ఈఎంఐ 43,391లో వడ్డీ 35,417. అసలుకు పోయేది 7,974. చదరపు అడుగు 5,200 కాబట్టి, ఆ నెల బ్యాంకు చేతిలోంచి మా చేతికొచ్చే ఇల్లు ఒకటిన్నర చదరపు అడుగు. ఒక కాలు పెట్టుకోవచ్చు. రెండోది వచ్చే నెల దాకా గాల్లో ఉండాలి. ఐదేళ్లు కట్టాక, చెల్లించినది 26 లక్షలు దాటుతుంది, అసలు తగ్గేది 5 లక్షల 94 వేలు. అంటే 114 అడుగులు. ఒక బాత్రూమూ, ఓ బాల్కనీ. ఈఎంఐలో అసలు వాటా వడ్డీని దాటేది పన్నెండో ఏడు చివర్లో. అప్పు సగానికి దిగేది పద్నాలుగో ఏట. అప్పటికి ఇంట్లో కప్‌బోర్డులు ఊడొస్తుంటాయి.

"ముందుగాల ఈశాన్యం మూల మనదయ్యేటట్టు రాయించు" అన్నాడు మామ. బ్యాంకువాళ్లు ఏ మూల ముందు వదులుతారో దస్తావేజులో ఎక్కడా లేదని చెబితే, వాస్తు తెలియని బ్యాంకని తేల్చేశాడు.

మా ఆఫీసులో ఓ సీనియరు మాత్రం "వడ్డీ మీద టాక్సు మిగులుతుందోయ్" అని ధైర్యం చెప్పాడు. మొదటి ఏడాది మేం కట్టే వడ్డీ 4 లక్షల 21 వేలు. పాత పన్ను పద్ధతిలో మినహాయింపు 2 లక్షలకే. ముప్ఫై శాతం శ్లాబులో ఉన్నా, మిగిలేది అరవై వేలూ పైన సెస్సూ. కొత్త పద్ధతిలో సొంతానికి ఉండే ఇంటికి అదీ లేదు. పన్ను మిగలడం కోసం వడ్డీ కడితే, మిగిలిన పన్ను వడ్డీలో ఏ మూలకూ రాదు.

ఆఫీసరుగారు ఇంకో మేలు కూడా చెయ్యబోయారు. "ఈఎంఐ బరువనిపిస్తే ముప్ఫై ఏళ్లు పెట్టుకోండి, 38,446కి దిగుతుంది." నెలకు 4,945 తగ్గుతుంది. మొత్తం మీద 34 లక్షల పైచిలుకు పెరుగుతుంది. ఆ మాట ఆయన చెప్పలేదు. ఆయన్నడిగితే తేడా నెలకు ఐదు వేలు, మా చాచానడిగితే ఇంకో సగం ఫ్లాటు. పైగా లోనుకు ఇన్సూరెన్సు అని లక్షన్నర ప్రీమియం రాసి, "చేతి నుంచి కట్టక్కర్లేదు సార్, లోన్లోనే కలిపేస్తాం" అన్నారు. ఆ కలపడం వల్ల లక్షన్నర ఇరవయ్యేళ్లలో 3 లక్షల 12 వేలవుతుంది. తీసుకోవడం తప్పనిసరా అని మా ఆవిడ అడిగింది. ఆఫీసరుగారికి ఫోనొచ్చింది.

కాలం కలిస్తే చిన్న అప్పు ఏమవుతుందో చూడాలంటే మా గల్లీవాళ్లు దూరం పోనక్కర్లేదు. పురానీ హవేలీ మాకు నడక దూరం. ఆరో నిజాం మహబూబ్ అలీఖాన్ ఉన్న ఇల్లది. ఆయన బట్టల బీరువా ఇప్పటికీ ఉంది. ఒక వరస గదుల పొడవునా రెండంతస్తుల్లో సాగిపోతుంది. అంత బీరువా ఉన్న ఇంటి మీదా అప్పుండేది. ఇంగ్లీషువాళ్లు పెట్టిన కంటింజెంట్ సైన్యం జీతాల బాకీ పేరుతో 1853లో గవర్నర్ జనరల్ డల్హౌసీ అప్పటి నిజాం దగ్గర ఆయన రాజ్యంలోని బేరార్‌ను రాయించుకున్నాడు. సంతకాల వ్యవహారం నడిపిన దివాన్ సిరాజుల్‌ముల్క్ అదే నెలలో పోయాడు. ఆ కుర్చీలోకి వచ్చిన ఆయన సోదరుడి కొడుకు, మొదటి సాలార్‌జంగ్, బేరార్ వెనక్కిమ్మని అడగడంలోనే సగం జీవితం గడిపాడు. 1876లో లండన్‌కూ వెళ్లొచ్చాడు. తమాషా ఏమిటంటే 1860లో 50 లక్షల బాకీ రద్దయింది. బేరార్ మాత్రం రాలేదు. 1902లో వైస్రాయ్ కర్జన్ వచ్చి ఆరో నిజాంతో ఏడాదికి 25 లక్షల శాశ్వత లీజు రాయించాడు. 1936లో యువరాజుకు 'ప్రిన్స్ ఆఫ్ బేరార్' అని బిరుదిచ్చారు. పేరు హైదరాబాదుది, తాళంచెవి వాళ్లది. ఇప్పుడది మహారాష్ట్ర విదర్భలో ఓ భాగం. మా బాకీ కూడా 50 లక్షలే అని గుర్తొచ్చినప్పుడల్లా నాకు సాలార్‌జంగ్ మీద జాలి పెరుగుతుంది.

బేరార్‌కు ఫ్లోటింగ్ రేటు లేదు, అదొక్కటే అదృష్టం. మాకుంది. 2022 మే నుంచి 2023 ఫిబ్రవరి వరకు రిజర్వు బ్యాంకు రెపో రేటును నాలుగు నుంచి ఆరున్నరకు తీసుకుపోయింది. మా ఆఫీసులో ఒకతను అంతకు ముందు 6.7 శాతానికి 50 లక్షలు తీసుకున్నాడు. ఈఎంఐ 37,870. రేటు రెండున్నర పెరిగి 9.2 అయ్యింది. మిగిలిన అప్పు 48 లక్షలే అనుకున్నా, ఆ నెల వడ్డీ 36,800. అసలుకు మిగిలేది వెయ్యిన్నీ డెబ్బై రూపాయలు. ఈఎంఐ పెంచకుండా అలాగే లాగిస్తే అప్పు తీరడానికి దాదాపు ముప్ఫై తొమ్మిదేళ్లు. అతని ఈఎంఐ రూపాయి పెరగలేదు కాబట్టి అతనికేమీ తెలియలేదు. మనవాళ్ల వయసు పెరిగినట్టే అప్పు వయసు చప్పుడు లేకుండా పెరిగింది. 2023 ఆగస్టులో రిజర్వు బ్యాంకే కలగజేసుకుని, రేటు మారినప్పుడు ఆ ప్రభావం చెప్పాలని, ఈఎంఐ పెంచాలా గడువు పెంచాలా అన్నది అప్పు తీసుకున్నవాణ్ణి అడగాలని బ్యాంకులకు చెప్పింది.

ఇంత విన్నాక నేను అద్దె ఇంటి గొప్పదనం మీద ఉపన్యాసం మొదలుపెట్టాను. మా ఆవిడ పూర్తి కానివ్వలేదు.

"ఏమండీ, వడ్డీకే వయసొస్తుందా? రూపాయికి రాదా? ధరలు ఏటా ఆరు శాతం పెరిగితే, ఇరవయ్యో ఏట మీరు కట్టే 43 వేలు ఇవాళ్టి పదమూడున్నర వేలతో సమానం. చాచా అద్దె అప్పుడెంతుంటుందో ఆయన్నే అడగండి."

చాచాను అడిగాను. నవ్వి ఊరుకున్నాడు. ఆ నవ్వు ఖరీదు ఏ కాలిక్యులేటర్‌కూ దొరకదు.

మా ఆవిడ దారి వేరు. ఇల్లు కొనాలి, కాలం మాత్రం కొనకూడదంటుంది. ఇరవయ్యేళ్లు కాకుండా పదిహేనేళ్లు పెడితే ఈఎంఐ 49,237. నెలకు 5,846 ఎక్కువ, మొత్తం మీద 15 లక్షల 51 వేలు తక్కువ. మొదటి నెలే రెండు కాళ్లు పెట్టుకోవచ్చు. ఫ్లోటింగ్ రేటు ఇంటి లోను ముందే తీరిస్తే జరిమానా వెయ్యకూడదని రిజర్వు బ్యాంకు 2012లోనే చెప్పింది కనుక, బోనసు వచ్చినప్పుడల్లా అటే పంపాలి. ఇక రేటు సంగతి తాను మాట్లాడతానంది.

లాడ్‌బజారులో గాజులవాడితో గంటసేపు బేరమాడే మనిషి, 50 లక్షల బేరంలో ఒక్క మాట మాట్లాడకుండా రావడం తనకు నామోషీ అట. పావు శాతం తగ్గినా ఇరవయ్యేళ్ల లెక్కన లక్షా ఎనభై తొమ్మిది వేలు. బ్యాంకుకెళ్లి, ఇంకో బ్యాంకు ఇచ్చిన కాగితం బల్ల మీద పెట్టి, పర్సు జిప్పు లాగి కుర్చీలోంచి సగం లేచింది. గాజులవాడి దగ్గర ఎలా లేస్తుందో అలాగే. "మేడమ్, కూర్చోండి, మేనేజర్‌ని అడుగుతా" అన్నారు ఆఫీసరుగారు. రేటు పావు దిగకపోయినా ఇన్సూరెన్సు కాగితం ఫైల్లోంచి దానంతటదే మాయమైంది. ప్రాసెసింగ్ ఫీజు సగమైంది. ఈసారి కంగ్రాట్యులేషన్స్ చెప్పలేదు.

లోను తీసుకున్నాం, పదిహేనేళ్లకు. మామ ఇప్పటికీ డెబ్బై పైసలేనని ఊరంతా చెబుతున్నాడు. నేను మాత్రం రిజర్వు బ్యాంకు రాసిన ఇంకో నియమం కంఠతా పట్టాను. 2023 డిసెంబరు నుంచి అమల్లో ఉంది. అప్పు మొత్తం తీరాక ముప్ఫై రోజుల్లో బ్యాంకు ఇంటి కాగితాలు తిరిగివ్వాలి. తన తప్పు వల్ల ఆలస్యమైతే రోజుకు 5,000 చొప్పున మనకే కట్టాలి. పదిహేనేళ్లలో మేం కట్టబోయే వడ్డీ 38 లక్షల 63 వేలు. అది రోజుకు ఐదు వేల చొప్పున వెనక్కి రావాలంటే మా కాగితాలు 773 రోజులు ఎక్కడో బీరువా వెనక పడి దొరక్కుండా ఉండాలి. కనపడ్డ దేవుడికల్లా అదే మొక్కుతున్నాను.